వార్నర్‌కి చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలుసు

పెళ్లి వీడియోలు తీసేవాళ్లకి ఒక అలవాటు పట్టుకుంటుంది. సినిమా చూస్తున్నా, మ్యాచ్ చూస్తున్నా చూపు ముందుగా మనిషి చేతుల మీదికి పోతుంది. తిరుపతి, చంద్రగిరి, పుత్తూరు, శ్రీకాళహస్తి, చిత్తూరు, ఈ చుట్టుపక్కల కల్యాణ మండపాలన్నీ కెమెరా భుజాన వేసుకుని తిరిగినవాణ్ణి. మొహంతో పెద్ద కష్టం లేదు, నవ్వమంటే ఎవరైనా నవ్వుతారు. చేతులు ఎక్కడ పెట్టుకోవాలో మాత్రం ఎవరికీ తెలీదు. పెళ్లికొడుకు వాచీ తిప్పుకుంటూ ఉంటాడు. మేనమామ రెండు చేతులూ ముందుకి కట్టుకుని నిలబడి, ఫ్లాష్ పడగానే విడిపించుకుని భోజనాలకి పోతాడు. పెళ్లికూతురే నయం. కొబ్బరి బోండామో, పూలదండో, చేతిలో ఏదో ఒకటి ఉంటుంది.

ఆస్ట్రేలియా క్రికెటర్ డేవిడ్ వార్నర్ గురించి రాద్దామని కూర్చుని చేతుల గోల ఎందుకంటే, 2025 మార్చి 28న ‘రాబిన్‌హుడ్’ రిలీజైనప్పుడు హాల్లో కూర్చుని నేను చూసింది ఆయన చేతుల్నే. నితిన్, శ్రీలీల నటించిన సినిమా, వెంకీ కుడుముల దర్శకుడు. వార్నర్ చివర్లో వస్తాడు. ఆయన మొహం కనబడగానే ఈలలు, కాగితం ముక్కలు. మా లైట్ల కుర్రాడైతే సీటు మీద నిలబడ్డాడు. కాసేపటికే అయిపోయింది. బయటికి వచ్చాక మా బావమరిది, “ఇంతేనా బావా? దీనికా అన్ని పోస్టర్లు?” అన్నాడు. వాడు చెన్నై సూపర్ కింగ్స్ మనిషి, ధోనీ తప్ప వేరే దేవుడు లేడు, కాబట్టి వాడి మాట సగమే లెక్కలోకి తీసుకోవాలి. (మా తిరుపతిలో ఇది పెద్ద తగాదా. చెన్నై మూడు నాలుగు గంటల ప్రయాణం, హైదరాబాద్‌కి రాత్రంతా బస్సులో కూర్చోవాలి. ఐపీఎల్ వచ్చిందంటే ఒకే ఇంట్లో రెండు రంగులు.) నాకు నిడివితో పేచీ లేదు. మైదానంలో, ఫోన్‌లో, ఎక్కడ చూసినా చేతులు ఏం చేయాలో తెలిసిన మనిషి, అసలు సినిమా కెమెరా ముందుకి వచ్చేసరికి బిగుసుకుపోయాడనిపించింది.

ఆ మనిషి అంతకుముందు ఎట్లా ఉండేవాడో చెప్తేగానీ నా బాధ అర్థం కాదు.

వార్నర్ సిడ్నీలో 1986 అక్టోబర్ 27న పుట్టాడు. ఎడమచేతి వాటం. పదమూడేళ్లప్పుడు బంతిని ఊరికే గాల్లోకి కొడుతున్నాడని కోచ్ కుడిచేత్తో ఆడమన్నాడట. ఒక సీజన్ అట్లాగే ఆడాక వాళ్లమ్మ మళ్లీ ఎడమచేతికే మార్చుకోమంది. ఆ అమ్మకి మనం దండం పెట్టాలి. 2009 జనవరిలో మెల్‌బోర్న్‌లో దక్షిణాఫ్రికా మీద టీ20లో ఆస్ట్రేలియా తరఫున మొదటిసారి దిగాడు. అప్పటికి ఒక్క ఫస్ట్‌క్లాస్ మ్యాచ్, అంటే రోజుల తరబడి సాగే పెద్ద మ్యాచ్, కూడా ఆడలేదు. 1877 తర్వాత అట్లా నేరుగా ఆస్ట్రేలియా జట్టులోకి వచ్చినవాడు ఆయనే. డేల్ స్టెయిన్ ఉన్న బౌలింగ్‌ని 43 బంతుల్లో 89 కొట్టాడు. అందరూ ఏమన్నారంటే, ఇతను టీ20 ఆటగాడు, టెస్టులకి పనికిరాడు అని. 2011లో టెస్టుల్లోకి వచ్చి, రెండో టెస్టులోనే హోబార్ట్‌లో న్యూజిలాండ్ మీద మొదటి నుంచి చివరిదాకా అవుటవకుండా 123 చేశాడు. ఆ మ్యాచ్ ఆస్ట్రేలియా ఓడిపోయింది. చివరికి లెక్క చూస్తే 112 టెస్టులు, 8786 పరుగులు, 26 సెంచరీలు. పనికిరాడన్న మాట ఎవరన్నారో ఇప్పుడు ఎవరికీ గుర్తుండదు.

మనకి ఆయన పరిచయమైంది 2014లో, సన్‌రైజర్స్ హైదరాబాద్‌కి వచ్చాక. అంతకుముందు ఢిల్లీలో ఉన్నా మనవాళ్లెవరూ పట్టించుకోలేదు. 2015లో కెప్టెన్ అయ్యాడు, 2016లో కప్పు తెచ్చాడు. ఆ సీజన్లో 848 పరుగులు. ఫైనల్ మే 29న బెంగళూరులో, వాళ్ల సొంత మైదానంలో, కోహ్లీ, గేల్, డివిలియర్స్ ఉన్న జట్టు మీద. వార్నర్ 38 బంతుల్లో 69, మనవాళ్లు 208 కొట్టారు, 8 పరుగులతో గెలిచారు. గేల్, కోహ్లీ ఇద్దరూ కొడుతున్నంతసేపు మా బావమరిది నన్ను చూసి నవ్వుతూనే ఉన్నాడు. ఆ తర్వాత ఏమీ మాట్లాడకుండా బండి తీసుకుని వెళ్లిపోయాడు. సీజన్లో అందరికన్నా ఎక్కువ పరుగులు చేసినవాడికిచ్చే ఆరెంజ్ క్యాప్ మూడుసార్లు వచ్చింది వార్నర్‌కి, 2015, 2017, 2019లో.

ఇన్నింటిలో నేను గమనించింది బంతికి బంతికి మధ్య జరిగేది. షాట్ కొట్టాక చాలామంది బ్యాట్‌ని మరిచిపోతారు, అది చేతికి వేలాడుతూ ఉంటుంది. ఈయన గ్లవ్ పట్టీ విప్పి బిగిస్తాడు, బ్యాట్‌ని చేతిలో తిప్పుతాడు, ప్రేక్షకుల వైపు చెయ్యి ఊపుతాడు, సెంచరీ కొడితే ఎగిరి గాల్లోకి గుద్దుతాడు. కెమెరా ఎక్కడుందో తెలుసు, కానీ కెమెరా వైపు చూడడు. ఈ పని నేర్పడానికి పెళ్లికొడుకుల దగ్గర నా గొంతు పోతుంది.

2020 సంగతికి వస్తాను. ఆ ఏడాది మాకు ఎట్లా గడిచిందో ఈ ఊరివాళ్లకి చెప్పక్కర్లేదు. మార్చి 20 నుంచి తిరుమలలో దర్శనాలే ఆగిపోయాయి. భక్తులు లేని తిరుపతి ఎట్లుంటుందో మా నాన్న కూడా ఎప్పుడూ చూడలేదు. వైశాఖం ముహూర్తాలన్నీ పోయాయి, తీసుకున్న అడ్వాన్సులు ఒక్కొక్కటే వెనక్కి ఇవ్వాల్సి వచ్చింది. కెమెరాలకి బూజు పట్టకుండా వారానికోసారి తీసి తుడిచి లోపల పెట్టడమే పని. అట్లాంటి రోజుల్లో, ఏప్రిల్ నెలాఖరులో, మా ఆవిడ ఫోన్ పట్టుకుని వంటింట్లోంచి వచ్చింది. “ఈయన మీ హైదరాబాద్ కెప్టెన్ కదా, చూడు ఏం చేస్తున్నాడో.”

సిడ్నీలో వాళ్లింట్లో వార్నర్, ఆయన భార్య క్యాండిస్ కలిసి ‘బుట్టబొమ్మ’ పాటకి డాన్సు. ‘అల వైకుంఠపురములో’ అప్పటికి సంక్రాంతికి వచ్చి వెళ్లిపోయిన సినిమా. అందరూ అది చూసి నవ్వారు, ముచ్చటపడ్డారు. నేను వెనక్కి తిప్పి తిప్పి మళ్లీ చూశాను, అలవాటు కొద్దీ. స్టెప్పులు ఏమంత గొప్పగా లేవు. భుజం ఒకచోట ఉంటే నడుము ఇంకోచోట ఉంది. అయినా చేతుల్లో ఎక్కడా తడబాటు లేదు. తప్పు పోయినచోట కూడా పూర్తిగా చాచి, పూర్తిగా ఊపి, నవ్వుతూ తప్పు చేశాడు. సగం చాచిన చెయ్యే వీడియోలో అసహ్యంగా కనబడుతుంది, తప్పు స్టెప్పు కాదు. ఇది నా వృత్తిలో నాకు తెలిసిన ఒకే ఒక్క గట్టి సత్యం.

తర్వాత వరసపెట్టి వచ్చాయి. సన్‌రైజర్స్ జెర్సీ వేసుకుని, బ్యాట్ పట్టుకుని ‘పోకిరి’ డైలాగ్ చెప్పాడు. బాహుబలి వేషం వేశాడు. మన దేశంలో జూన్ నెలాఖరులో టిక్‌టాక్ ఆపేశాక ఇన్‌స్టాగ్రామ్‌కి మారాడు, హీరోల మొహాలకి తన మొహం అతికించిన వీడియోలు పెట్టాడు. అవి నాకు నచ్చలేదు. మొహం మారిస్తే చేతులు వేరేవాళ్లవి కదా, ఇంక వార్నర్ ఎక్కడున్నట్టు?

పెళ్లిళ్లు మళ్లీ మొదలయ్యాక దీని ఫలితం నా పని మీద పడింది. చంద్రగిరి కోట దగ్గర ప్రీ వెడ్డింగ్ షూట్. అబ్బాయి బ్యాంకు ఉద్యోగి, డాన్సు అంటే చెమటలు. అమ్మాయి ‘బుట్టబొమ్మ’ చేసి తీరాల్సిందే అంటుంది. అరగంట బతిమాలాం. చివరికి ఆ అబ్బాయి నన్ను పక్కకి పిలిచి, “అల్లు అర్జున్ మాదిరి నా వల్ల కాదనా, వార్నర్ మాదిరి చేస్తా, అదైతే వస్తుంది” అన్నాడు. చేశాడు. ఎంత బాగా వచ్చిందంటే, వాళ్ల రిసెప్షన్‌లో ఆ ముక్కని మళ్లీ వెయ్యమని అడిగారు. ఆ తర్వాత సిగ్గుపడే పెళ్లికొడుకు ఎవరు దొరికినా నేను చెప్పే మాట అదే, వార్నర్‌లా చెయ్యమని. అల్లు అర్జున్‌ని చూస్తే మనకి రాదనిపిస్తుంది. వార్నర్‌ని చూస్తే మనమూ చేయొచ్చనిపిస్తుంది. సినిమా ఇండస్ట్రీలో ఎంతమందికి ఈ గుణం ఉందో మీరే లెక్కపెట్టుకోండి.

2021 డిసెంబర్‌లో ‘పుష్ప’ వచ్చింది. కథ మాది. ఎర్రచందనం మా శేషాచలం కొండల్లోది, స్మగ్లింగ్‌ని పట్టుకునే టాస్క్‌ఫోర్స్ ఆఫీసు తిరుపతిలోనే ఉంది. షూటింగ్ మాత్రం చాలావరకు మారేడుమిల్లి అడవుల్లో చేశారు. సినిమాలో మాట్లాడిన యాస మీద మా వీధిలో నెల రోజులు వాదన నడిచింది. “మనం అట్లా మాట్లాడతామా?” అని కొందరు, “మీ తాత అట్లే మాట్లాడేటోడు, పోయి అడుగు” అని కొందరు. ఈ గొడవ తేలకముందే వార్నర్ ‘శ్రీవల్లి’ పాటకి చెప్పు ఈడ్చుకుంటూ నడిచిన వీడియో వచ్చేసింది. గడ్డం కింద చెయ్యి పెట్టి పక్కకి తిప్పే ఆ సైగ కూడా చేశాడు. ఎస్వీ యూనివర్సిటీ వైపు గ్రౌండ్లలో పొద్దున్నే టెన్నిస్ బాల్ ఆడే పిల్లలు వికెట్ పడితే అదే సైగ. అల్లు అర్జున్‌ని చూసి చేస్తున్నారా, వార్నర్‌ని చూసి చేస్తున్నారా అని ఒకణ్ణి అడిగాను. “ఇద్దర్నీ చూసే సార్” అన్నాడు. ఈ కొండ కింద పుట్టిన కథ సినిమాగా మారి, ఆస్ట్రేలియా పోయి, అక్కడి నుంచి ఫోన్‌లో మళ్లీ ఈ కొండ కిందకే వచ్చింది.

వార్నర్ అంటే అందరికీ ఇంత తియ్యగా ఉండదని నాకు తెలుసు. 2018 మార్చిలో కేప్‌టౌన్ టెస్టులో ఆయన జట్టువాడే బాన్‌క్రాఫ్ట్ సాండ్‌పేపర్‌తో బంతిని గీకాడు. ఆ పథకం వెనక వార్నర్ ఉన్నాడని క్రికెట్ ఆస్ట్రేలియా తేల్చింది. కెప్టెన్ స్మిత్‌కీ ఆయనకీ ఏడాది నిషేధం, వార్నర్‌కి అదనంగా జన్మంతా కెప్టెన్సీ దక్కకుండా నిషేధం. అది 2024 అక్టోబర్‌లోగానీ ఎత్తేయలేదు. సిడ్నీలో ప్రెస్‌మీట్ పెట్టి ఏడ్చాడు. అసలు ఏం జరిగింది, ఇంకెవరికి తెలుసు అని విలేకరులు అడిగితే సూటిగా జవాబు చెప్పలేదు. “యాక్షన్ బాగా చేసినాడు” అని మా బావమరిది అప్పుడే తేల్చేశాడు. అప్పగింతలప్పుడు ఏడుపులు ఎన్నో తీసినవాణ్ణి నేను. నిజంగా ఏడ్చేవాళ్లు మొహం దాచుకోడానికి చూస్తారు. వార్నర్ కన్నీళ్లు నిజమేనని నా నమ్మకం. మాటలు మాత్రం ఎవరో దిద్ది ఇచ్చినట్టున్నాయి. రెండూ ఒకే మనిషిలో ఉండకూడదని ఏముంది?

ఆ ఏడాది ఐపీఎల్ ఆడనివ్వలేదు. 2019లో తిరిగొచ్చి 12 మ్యాచ్‌ల్లో 692 కొట్టాడు. అదే ఏడు ఇంగ్లాండ్‌లో, ఆ జట్టుతో ఆడే యాషెస్ టెస్టుల్లో బౌలర్ స్టువర్ట్ బ్రాడ్ చేతికి ఏడుసార్లు దొరికిపోయి, పది ఇన్నింగ్స్‌లో 95 పరుగులే చేశాడు. ఇంక అయిపోయాడనుకుంటే నవంబర్‌లో అడిలైడ్‌లో పాకిస్తాన్ మీద 335 నాటౌట్.

2021 మే మొదట్లో సన్‌రైజర్స్ కెప్టెన్సీ తీసేశారు, మర్నాడే జట్టులోంచి తీసేశారు. కప్పు తెచ్చిన కెప్టెన్ డ్రింక్స్ మోసాడు. తర్వాత యూఏఈలో గ్యాలరీలో కూర్చుని అదే జట్టు జెండా ఊపాడు. నేను సన్‌రైజర్స్ ఆట చూడటం మానేసింది అప్పుడే. ఇంట్లో మా ఆవిడ కూడా, “మన ఇంట్లో మనిషిని గెంటేసినట్టుంది” అని బాధపడింది. ఆమెకి ఎల్‌బీడబ్ల్యూ అంటే ఏంటో ఇప్పటికీ తెలీదు. ఆ బుట్టబొమ్మ వీడియో లేకపోతే ఆమెకి ఇంత బాధ ఎక్కడిది? వారాలు తిరగకముందే దుబాయ్‌లో ఆస్ట్రేలియాకి టీ20 ప్రపంచకప్ వచ్చింది, 289 పరుగులతో వార్నర్‌కి మ్యాన్ ఆఫ్ ద టోర్నమెంట్ వచ్చింది. 2022లో ఢిల్లీ తరఫున ఆడుతూ హైదరాబాద్ మీద 92 నాటౌట్ కొట్టాడు. ఆ రోజు నేను ఎటువైపు కేకలేశానో చెప్పక్కర్లేదు.

ఇంత కథ ఉన్న మనిషిని సినిమాలో పెట్టుకున్నారు. పెట్టుకున్నాక ఏం చేయించారు? స్టైల్‌గా నిలబెట్టారు. క్రికెటర్లని సినిమాలోకి తెచ్చే ప్రతివాళ్లూ చేసేది ఇదే. సలీం దురానీని 1973లో ‘చరిత్ర’ అనే హిందీ సినిమాలో పర్వీన్ బాబీ పక్కన హీరోగా పెట్టారు. జనం సిక్సర్ అడిగితే అడిగిన వైపుకే కొట్టేవాడని పేరున్న మనిషి, ఆయన్ని జట్టులోంచి తీస్తే కాన్పూరులో ‘దురానీ లేకపోతే టెస్టు లేదు’ అని పోస్టర్లు వెలిశాయి. ఆ సినిమా ఆడలేదు. 1985లో సందీప్ పాటిల్‌ని హీరోగా, వికెట్ కీపర్ కిర్మానీని విలన్‌గా పెట్టి ఇంకో సినిమా తీశారు, దాని గతీ అంతే. ఈ మధ్య తమిళంలో హర్భజన్ ‘ఫ్రెండ్‌షిప్’లో, ఇర్ఫాన్ పఠాన్ విక్రమ్‌తో ‘కోబ్రా’లో చేశారు. ఇర్ఫాన్ పర్వాలేదు, పోలీసు ఆఫీసరు పాత్ర కాబట్టి చేతులకి పని దొరికింది.

‘రాబిన్‌హుడ్’ రిలీజ్‌కి ముందు హైదరాబాద్‌లో జరిగిన ఈవెంట్లో స్టేజి మీద నితిన్, శ్రీలీలతో కలిసి స్టెప్పులేసిన వార్నర్ ఉన్నాడే, ఆయన సినిమాలో లేడు. 2024లో రాజమౌళితో కలిసి చేసిన క్రెడ్ అనే పేమెంట్ యాప్ యాడ్‌లో ఉన్నాడు. రాజమౌళి సినిమాలో వార్నర్ హీరో అయితే ఆ దర్శకుడి గతి ఏంటన్నదే దాంట్లో హాస్యం. అందులో వార్నర్ వార్నర్‌గానే ఉన్నాడు, గర్వంగా, తప్పుగా, పూర్తిగా చేతులు చాచి. నా లెక్కలో ఆయన చేసిన మంచి నటన అదే. సినిమా యాక్టింగ్ మీద ఇంకా ఆశ ఉంటే ఈసారి ఆయనకి డైలాగులు తగ్గించి, చేతికి ఏదన్నా వస్తువు ఇవ్వండి. బ్యాట్ కాకపోతే దోసె పెనం దగ్గర నిలబెట్టి గరిటె ఇచ్చినా చాలు.

2024 జనవరిలో సిడ్నీలో చివరి టెస్టు ముందు ఆయన టెస్టు టోపీ ఉన్న సంచి సామాన్లలోంచి మాయమైంది. ఎవరు తీసుకున్నా ఇచ్చేయండి, ఏమీ అనను అని ఇన్‌స్టాగ్రామ్‌లో వీడియో పెట్టాడు. టోపీ తర్వాత జట్టు హోటల్లోనే దొరికింది. అది జరిగిన వారానికే ఇంకొకటి. తన సోదరుడి పెళ్లి చూసుకుని, అక్కడి నుంచి హెలికాప్టర్‌లో నేరుగా సిడ్నీ క్రికెట్ గ్రౌండ్ మధ్యలో దిగాడు, సాయంత్రం బిగ్‌బాష్ (ఆస్ట్రేలియావాళ్ల టీ20 లీగ్) మ్యాచ్ ఆడటానికి. ఆయనకి వీడ్కోలుగా గడ్డి మీద రాసిన ‘థాంక్స్ డేవ్’ అక్షరాల పక్కనే దిగాడు. హీరో ఎంట్రీ అంటే నా దృష్టిలో అదీ. అయితే పెళ్లి మధ్యలో దగ్గరి మనిషి లేచి వెళ్లిపోతే ఆల్బమ్‌లో గ్రూప్ ఫొటోలకి ఎంత ఇబ్బందో నాకు తెలుసు. ఆ పెళ్లి వీడియో తీసినవాడు ఏం తంటాలు పడ్డాడో పాపం. మ్యాచ్ కూడా ఓడిపోయారు.